స్థానిక చరిత్రలూ, శ్రామిక జనమూ

కిందటి వేసవి సెలవుల్లో, నా దగ్గర చదువుకున్న ఒక కుర్రవాడు తన ఊరి చరిత్ర వ్రాతప్రతి తెచ్చి పీఠిక వ్రాసి ఇమ్మన్నాడు. ఊరి పెద్దలు కొందరు కమిటీగా ఏర్పడి అచ్చు వేయిస్తున్నారట. ఊళ్ళో ఎం.ఏ. చదివినవాడు గనుక, సేకరణ భారమంతా ఇతనిమీద పెట్టారు. మొత్తం నూట ఇరవై పుటలు. అందులో దేవాలయానికి నలభై, నాలుగైదు పెద్ద కుటుంబాల వంశవృక్షాలకు ముప్ఫై, దాతల ఛాయాచిత్రాలకు మరో ఇరవై. చెరువుకు పది పంక్తులు. మాలపల్లె, మాదిగపల్లె, ఒడ్డెరగూడెం - ఈ మూడింటికీ కలిపి "ఇతర కులస్థులు" అనే శీర్షిక కింద అర పుట. చదవడం ముగించి తలయెత్తేసరికి ఎదురుగా కూర్చున్నవాడు ఆ అరపుటలోని మనిషేనన్న సంగతి స్ఫురించింది. అతనిది ఒడ్డెరగూడెం.

నేనతణ్ణి తప్పుపట్టలేదు. ఊరి చరిత్ర అంటే ఇలా ఉంటుందని అతనికి నేర్పినవి మన గ్రంథాలే. అవి అలా ఎందుకు తయారయ్యాయో, వాటిని ఏ విధంగా చదివితే మనకు పనికివస్తాయో ఆలోచించడానికే ఈ వ్యాసం తలపెట్టాను.

స్థానిక చరిత్ర అనగానే చిన్నచూపు చూసే మిత్రులు మనలోనూ ఉన్నారు. సమాజ పరిణామ సూత్రాలు తెలిసినవాడికి ఒక ఊరి గుడీ, ఒక ఊరి చెరువూ ఎందుకని వారి ప్రశ్న. నేను దీనితో ఏకీభవించను. కాకతీయ యుగంలో భూస్వామ్యం ఇలా ఉండేది, విజయనగర యుగంలో అలా ఉండేది అని వ్రాసుకుంటూ పోవడం తేలిక. ఏ ఊళ్ళో ఎవరి చేతిలో ఎంత భూమి ఉండేది, ఆ భూమికి నీరు ఏ తూము గుండా వచ్చేది, ఆ తూము ఎవరు తెరిచేవారు అన్నది తేల్చడం కష్టం. వర్గ సంబంధాలు కంటికి కనబడేది అక్కడే. సామ్రాజ్యం పుస్తకంలో ఉంటుంది, శిస్తు మాత్రం ఊళ్ళో వసూలవుతుంది.

తెలుగులో స్థానిక చరిత్రలకు ఆది ఏదంటే కైఫియత్తులనే చెప్పాలి. కాలిన్ మెకంజీ అనే స్కాట్లండు దేశస్థుడు 1783లో కుంఫిణీ కొలువులో చేరి మద్రాసుకు వచ్చాడు. ఇంజనీరుగా మొదలుపెట్టి, 1815లో యావద్భారతానికి సర్వేయర్ జనరల్ అయ్యాడు. ఏలూరు వాడైన కావలి వెంకట బొర్రయ్య ఇతనికి తోడు దొరికాడు. బొర్రయ్య 1803లో చిన్న వయస్సులోనే చనిపోగా, ఆ పనిని తమ్ముడు లక్ష్మయ్య భుజాన వేసుకున్నాడు. వీరి కింద పనిచేసే గుమాస్తాలు ఊరూరూ తిరిగారు. కరణాల ఇళ్ళలోని కవిలెలు చదివించుకున్నారు. గుళ్ళ గోడలమీది శాసనాలకు నకళ్ళు దింపారు. ముసలివాళ్ళ నోటి మాటలు వ్రాసుకున్నారు. 1821లో మెకంజీ మరణించాక, అతని భార్య దగ్గర ఈ సేకరణనంతా కుంఫిణీ ప్రభుత్వం లక్ష రూపాయలిచ్చి కొన్నది.

మెకంజీ జిజ్ఞాసను నేను కాదనను. ఉద్యోగ ధర్మానికి మించిన శ్రమ అది. కాని ఆ కాలాన్ని మరచిపోరాదు. 1799లో శ్రీరంగపట్టణం పడిపోయింది. 1800లో దత్తమండలాలు కుంఫిణీ చేతికి వచ్చాయి. 1802లో ఉత్తర సర్కారులలో శాశ్వత శిస్తు నిర్ణయం మొదలయింది. కొత్తగా వచ్చిన యజమానికి తన భూమి ఏదో, దానిమీద ఎవరెవరికి ఏయే హక్కులున్నాయో తెలుసుకోవలసిన అగత్యం కలిగింది. ఆ అవసరమే గుమాస్తాను ఊరికి పంపింది.

లక్ష్మయ్యకు చివరికి జరిగిన మర్యాద కూడా చెప్పుకోవాలి. దొర పోయిన తరువాత ఆ పరిశోధనను తానే సాగిస్తానని అతడు ప్రభుత్వానికి విన్నవించుకున్నాడు. కలకత్తాలోని ఆసియాటిక్ సొసైటీ వారు, అంతటి పనికి ఇతని యోగ్యత చాలదని 1830లలో తేల్చారు. పని విలియం టేలర్ అనే మతబోధకుని చేతికి పోయింది. ముప్ఫై యేళ్ళు చేతులు అరగదీసుకున్నవాడు సేకరించడానికి తగినవాడట, వ్యాఖ్యానించడానికి తగనివాడట!

ఇక కైఫియత్తును చెప్పినవాడెవరో చూద్దాం. ఎక్కువగా అతడు ఊరి కరణం. కొండవీటి సీమ కైఫియత్తులు పది వరసగా చదివినవారికి ఒక విశేషం కనబడుతుంది. చాలావాటి ఎత్తుగడ ఒక్కటే. గణపతి మహారాజుల కాలంలో గోపరాజు రామన్న అనే మంత్రి శాలివాహన శకం 1067 రక్తాక్షి సంవత్సరంలో, సూర్యగ్రహణ పుణ్యకాలాన, ఊరూరా బ్రాహ్మణులకు కరణపు మిరాసీలు నిర్ణయించాడని, ఈ ఊరి మిరాసీ ఫలానా గోత్రం వారికి వచ్చిందని చెబుతాయి. కొండవీటి దండకవిలెలోనూ ఈ మాటే ఉంది. సరే, లెక్క వేసి చూడండి. శకం 1067 అంటే క్రీస్తుశకం 1145 ప్రాంతం. కాకతి గణపతిదేవుడు రాజ్యానికి వచ్చింది 1199లో. దానం చేసిన తేదీకి దాత ప్రభువు ఇంకా సింహాసనం ఎక్కనే లేదు! పైగా ఆ గణపతినే గజపతి సింహాసనం మీద కూర్చోబెడతారు.

దీనిని పట్టుకుని కైఫియత్తులు పుక్కిటి పురాణాలని తోసివేసిన పండితులున్నారు. నా ఉద్దేశంలో అసలు చరిత్ర ఇక్కడే మొదలవుతుంది. ఒక మండలంలోని కరణాలందరూ ఒకే తేదీని, ఒకే గ్రహణాన్ని, ఒకే మంత్రిని పట్టుకు వేళ్ళాడారంటే, దానికొక కారణం ఉండాలి. రెడ్లు పోయారు, గజపతులు పోయారు, రాయలు పోయాడు, గోలకొండ నవాబులు పోయారు. ఎవరు వచ్చినా తమ మిరాసీ మాత్రం చెదరరాదు. అందుకు ఎవరూ కాదనలేనంత పాత దానం కావాలి. కుంఫిణీ గుమాస్తా కలం పట్టుకుని ఎదుట కూర్చున్నప్పుడు కరణం తన ఊరి చరిత్రను చెబుతున్నాననుకోలేదు, కొత్త ప్రభువు దగ్గర తన దస్తావేజును దాఖలు చేస్తున్నాననుకున్నాడు. ఆ తెలివి అతనికి ఉంది. (వంశపారంపర్యపు కరణీకం రద్దయింది 1984లో. అంటే ఈ దస్తావేజు బలం మరో నూట ఎనభై యేళ్ళు నిలిచిందన్నమాట.)

ఇంతకూ, దస్తావేజులో హక్కుదారుడు తన హద్దులు చెప్పుకునేటప్పుడు పక్కవాడి పేరు కూడా చెప్పక తప్పదు. కైఫియత్తులో మనకు చిక్కే ధనం అదే. రాజుల వరస ముగిశాక మాన్యాల జాబితా వస్తుంది. పురోహితుడికి ఇంత, వడ్రంగికి ఇంత, కమ్మరికి ఇంత, మంగలికి, చాకలికి, వెట్టివాడికి ఇంత. ఏ కావ్యమూ చెప్పని శ్రమ విభజన మొత్తం నాలుగు పంక్తుల్లో బయటపడుతుంది. ఫలానా దండయాత్రలో, ఫలానా కరువులో ఊరు ఖిలమై పోయిందని, కొంతకాలానికి మళ్ళీ ఎవరో వచ్చి కుదుర్చుకున్నారని ఉంటుంది. ఊళ్ళు అనాదిగా కదలక మెదలక పడి ఉన్నాయనే సిద్ధాంతం మనకు పాశ్చాత్యులు అంటగట్టినది. కైఫియత్తుల్లోని ఊళ్ళు లేస్తాయి, పడతాయి, వలసపోతాయి. పన్ను భరించలేనప్పుడు రైతు చేతిలో ఉన్న ఆఖరి ఆయుధం ఊరు విడిచి పోవడమే గదా.

బ్రౌన్ దొర శిథిలమవుతున్న ఈ కాగితాలకు నకళ్ళు వ్రాయించకపోతే మనకు చాలా భాగం దక్కేది కాదు. మన కాలంలో కడపలోని బ్రౌన్ పేరిటి పరిశోధన కేంద్రం ఆ జిల్లా కైఫియత్తులను సంపుటాలుగా అచ్చువేసింది. ఇవి ప్రతి కళాశాల గ్రంథాలయంలోనూ ఉండదగినవి. చాలాచోట్ల ఉన్నా, పుటలు కోయకుండానే ఉన్నాయనుకోండి.

కడప ప్రస్తావన వచ్చింది గనుక పోరుమామిళ్ళ చెరువు శాసనం చెప్పకుండా ముందుకు పోలేను. మొదటి బుక్కరాయల కుమారుడు భాస్కరుడు ఈ చెరువును కట్టించి 1369లో శాసనం వేయించాడు. స్థానిక గ్రంథాలన్నీ భాస్కరుని కీర్తిస్తాయి. మంచి చెరువుకు ఉండవలసిన పన్నెండు అంగాలు, ఉండకూడని ఆరు దోషాలు ఈ శాసనంలో ఉన్నాయని పూర్వుల విజ్ఞానాన్ని కీర్తిస్తాయి. తగినదే. కాని ఆ శాసనమే మరో మాట చెబుతున్నది. కట్టమీద రోజూ వెయ్యిమంది కూలీలు పనిచేశారు. రాతి పనికి నూరు బండ్లు నడిచాయి. పని రెండేళ్ళు పట్టింది. ఆరున్నర శతాబ్దాల కింద ఆస్థానకవి వ్రాసిన శాసనం కూలీల సంఖ్య చెప్పడం తన ప్రభువుకు గౌరవమనే భావించింది. పేరు చెప్పలేదు, నిజమే. ఐతే సంఖ్యయినా చెప్పింది. ఈనాటి ఊరి చరిత్రల్లో ఆ సంఖ్య కూడా కనబడటం లేదు. ధవళేశ్వరం ఆనకట్ట 1847లో మొదలై 1852లో పూర్తయింది. కాటన్ కట్టించాడని ప్రతి పుస్తకమూ చెబుతుంది. ఆ రాళ్ళు మోసినవాళ్ళకు ఎన్ని పుటలు కేటాయించామో లెక్కపెట్టుకోవడం ఇబ్బందికరమైన పని.

జమీందారుల చరిత్రలది మరొక పద్ధతి. అమరావతి సంగతే తీసుకుందాం. వాసిరెడ్డి వెంకటాద్రి నాయుడు చింతపల్లి నుంచి రాజధానిని అమరావతికి మార్చి కొత్త పట్నం కట్టాడు. దానికి రాయీ ఇటుకా కావలసివచ్చి దీపాలదిన్నెను తవ్వించగా బయటపడిందే మహాస్తూపం. మెకంజీ 1797లో దానిని చూసి వెళ్ళాడు. 1816లో తిరిగి వచ్చి చిత్రాలు వ్రాయించేనాటికి చాలా భాగం పాడైపోయింది. నాయుడు మరణించింది ఆ యేడే. ఆయన దానధర్మాలు, తులాభారాలు, గోపురాలు చెప్పే గ్రంథాలు ఈ విధ్వంసాన్ని ఒక పంక్తిలో దాటవేస్తాయి. మరొక సంగతి ఉంది. దోపిళ్ళు చేస్తున్నారని చెంచులను భోజనానికి పిలిపించి నరికించాడని, ఆ పాపం అన్నం ముద్దలో పురుగులై కనబడితే పరిహారంగా గుళ్ళు కట్టించాడని ఆ ప్రాంతమంతా చెప్పుకుంటారు. ఆ చోటు పేరు నరుకుళ్ళపాడు. కథలో ఎంత పాలు నిజమో తేల్చడం వేరే పని. చరిత్రకారులు దానిని వాడుకున్న తీరు చూడండి: పశ్చాత్తాపం ఆయనది, గుళ్ళు ఆయనవి, పుణ్యమూ ఆయనదే. చెంచులు ఆ కథలో ఒక మెట్టు మాత్రమే. వాళ్ళెందుకు దోపిళ్ళకు దిగారు, వాళ్ళ అడవి ఎవరి చేతికి పోయింది అని అడిగిన పుస్తకం నా కంటబడలేదు. ఆ ప్రశ్నను ఊరి పేరే కాపాడుతూ వచ్చింది.

పందొమ్మిదో శతాబ్దం ఉత్తరార్ధంలో కలం కలెక్టరు చేతికి మారింది. 1869లో విశాఖపట్టణం, 1873లో నెల్లూరు, 1878లో గోదావరి, 1883లో కృష్ణా - వరసగా జిల్లా మాన్యువళ్ళు వచ్చాయి. తరువాతి శతాబ్దారంభంలో గెజెటీర్లు వచ్చాయి. ఇవి పాలకుల పాలన కోసం వ్రాసుకున్నవి. కాని లెక్కలు వ్రాసేవాడు అబద్ధం ఆడినా అంకె ఒక్కొక్కప్పుడు నిజం కక్కేస్తుంది. 1832-33 నాటి నందన కరువులో గుంటూరు సీమలోని సుమారు ఐదు లక్షల జనంలో రెండు లక్షల మంది చనిపోయారని మనకు తెలిసింది పాలకుల లెక్కలవల్లనే. వర్షం కురవలేదని వారు వ్రాస్తారు. ధాన్యం ఏ రేవు నుంచి ఎటు పోయింది, శిస్తు ఎంత పిండారు అనేవి మనం వేసుకోవలసిన ప్రశ్నలు. 1879-80 రంప ఫితూరీ విషయమూ అంతే. హెమింగ్వే గోదావరి గెజెటీరు దానిని శాంతిభద్రతల సమస్యగా చూస్తుంది, అయినా మనసబుదారు ముఠాదారులమీద సాగించిన బలవంతాలను, కల్లుమీది చిగురుపన్నును, అబ్కారీ కంట్రాక్టులను దాచదు. తగిలింది ఎక్కడో దానికి తెలుసు. మన మన్యం చరిత్రలు చాలావరకు 1922లో అల్లూరి సీతారామరాజుతో మొదలవుతాయి. ఆ వీరుని మహోన్నతత్వానికి అంతకుముందు నలభై యేళ్ళనాటి గిరిజనుల పోరును చెప్పడంవల్ల లోటు రాదు. తమ్మన్నదొర పేరు తెలిసిన డిగ్రీ విద్యార్థులు ఎంతమంది?

జాతీయోద్యమ కాలంలో మన పండితులు చేసిన కృషి ముందు తల వంచవలసిందే. 1906లో కొమర్రాజు లక్ష్మణరావు పంతులుగారి విజ్ఞాన చంద్రికా మండలి, 1910లో చిలుకూరి వీరభద్రరావుగారి "ఆంధ్రుల చరిత్రము" తొలి సంపుటం, 1922లో రాజమహేంద్రవరంలో ఆంధ్రేతిహాస పరిశోధక మండలి వచ్చాయి. తెలుగులో మాట్లాడటమే తక్కువతనంగా చూసిన నైజాం రాజ్యంలో, శాసనాలు ఏరి 1935లో "తెలంగాణా శాసనములు" అచ్చువేయడం కేవలం పాండిత్యం కాదు, రాజకీయం కూడా. ఐతే ఈ తరం వారికి కావలసింది గతవైభవం. పరాయి పాలనలో ఉన్న జాతి తనకూ రాజులున్నారని చెప్పుకోవాలనుకోవడం సహజం. ఆ ఆవేశంలో శాసనం మొదటి సగంలోని బిరుదావళి పెద్ద అక్షరాలకెక్కింది. రెండో సగంలోని సుంకాలు, భూమి కొలతలు, కట్టుబాట్లు అధోజ్ఞాపికలకు దిగాయి.

సురవరం ప్రతాపరెడ్డిగారు 1949లో ఈ బరువును తారుమారు చేశారు. "ఆంధ్రుల సాంఘిక చరిత్ర"లో రాజు పక్కకు తప్పుకుని, జనం తిన్న తిండి, కట్టిన బట్ట, ఆడిన ఆట ముందుకు వచ్చాయి. 1955లో కేంద్ర సాహిత్య అకాడమీ తెలుగుకిచ్చిన మొట్టమొదటి బహుమానం దానికి దక్కింది. ఆ గ్రంథంమీద నాకున్న గౌరవం చెప్పతరం కాదు. ఒక్క మాట మాత్రం అంటాను. ఆయన ఆకరాలు ప్రధానంగా కావ్యాలు. కావ్యం ఎంత జనానికి దగ్గరగా వచ్చినా, కవి కూర్చున్న అరుగు ఎత్తు తగ్గదు. అక్కడినుంచి వాడ కనబడుతుంది గాని, వాడలోని మాట వినబడదు.

ఆ మాటను విన్న పుస్తకం నాకు తెలిసినంతలో స్త్రీశక్తి సంఘటన వారి "మనకు తెలియని మన చరిత్ర". అది 1986లో వచ్చింది. తెలంగాణా రైతాంగ పోరాటం మీద నాయకుల గ్రంథాలు అప్పటికే ఉన్నాయి. సుందరయ్యగారి బృహద్గ్రంథం 1972లోనే వెలువడింది. దళాల కదలికలు, నిర్ణయాలు, ఏయే ఊళ్ళలో ఎంత భూమి పంచారో తెలియాలంటే దానిని చదవక తప్పదు. కాని పోరాటంలో పాల్గొన్న స్త్రీలు తమ నోటితో తాము చెప్పుకున్నప్పుడు, అదే ఊరు మరోవిధంగా కనిపించింది. అన్నం వండి పంపినవాళ్ళు, చంటిబిడ్డలను ఎవరికో అప్పగించి అడవికి పోయినవాళ్ళు, విరమణ తరువాత ఇంటికి తిరిగివస్తే ఇంట్లో చోటు లేనివాళ్ళు అందులో ఉన్నారు. మన పార్టీ చరిత్రల్లో కూడా "ఇతరులు" అనే అరపుట ఉన్నదని ఆ పుస్తకం చెప్పక చెప్పింది. కొందరు పెద్దలకు కోపం వచ్చింది. రావలసినదే.

మనవాళ్ళు వ్రాసే స్థానిక చరిత్రల లోపం మరొకటి ఉంది. ఊరి పేరు తీసేస్తే ఏ ఊరికైనా అతికే పుస్తకాలు అవి. భూస్వామి దోచాడు, ప్రజలు తిరగబడ్డారు. ఎన్ని ఎకరాలు, ఏ సర్వే నంబరు, కౌలు ఎంత, నాగు ఎంత, వెట్టి ఎన్ని రోజులు అని అడిగితే పుట ఖాళీ. సిద్ధాంతం ఉన్నది కదా అని దస్త్రం చూడని బద్ధకం ఇది. ఆంధ్ర జిల్లాల్లో ఊరి సెటిల్మెంటు లెక్క అయిన డైగ్లాట్, తెలంగాణాలో సేత్వారు, 1954-55 నాటి ఖాస్రా పహాణీ, ఏటేటి అడంగళ్ళు - ఇవి చూడకుండా ఊరి చరిత్ర వ్రాయడం నాడి పట్టకుండా వైద్యం చేయడమే. గోపరాజు రామన్న పేరు చెప్పిన కరణానికి ఉన్నపాటి దస్తావేజు జ్ఞానం మనకు లేకపోతే ఎలా?

మళ్ళీ ఆ కుర్రవాడి దగ్గరకు వస్తాను. నేనతణ్ణి ఒక్కటే అడిగాను: "ఆ చెరువు కట్ట తెగినప్పుడు గండి ఎవరు పూడ్చారు?" వ్రాతప్రతిలో దేవాలయ ధర్మకర్త పూడ్పించినట్లు ఉంది. "మా నాయనమ్మను అడగవచ్చునా మాస్టారూ?" అన్నాడు. ఆ ప్రశ్నకు నాకే సిగ్గువేసింది. వినయం నేర్పామో, భయం నేర్పామో.

పదిహేను రోజులకు పదకొండు పుటలు వ్రాసుకుని వచ్చాడు. 1969 మే తుపానులో కట్ట తెగింది. రాత్రంతా గూడెంలోని మగవాళ్ళు గండిలో నిలబడి మట్టి మూటలు అందించారు. ముగ్గురు కొట్టుకుపోయారు. అందులో ఒకడు ఆ ముసలమ్మ మామగారు. తరువాత కట్ట పోయడానికి మట్టి తవ్విన గుంతలను, మధ్యలో కొలతకని వదిలిన మట్టిదిమ్మల ఎత్తును బట్టి కొలిచి కూలి కట్టారట. ఆ కొలతలో జరిగిన మోసం ఆమెకు ఇప్పటికీ అంకెలతో సహా జ్ఞాపకం ఉంది. ఇంకొకటి కూడా చెప్పింది. చెరువు కాపలాకు పూర్వం వాళ్ళ కుటుంబానికి కొంత మాన్యం ఉండేది. మాన్యాల రద్దు చట్టం 1956లో వచ్చాక, అది ఎవరి పేరున పట్టా అయిందో ఊరందరికీ తెలుసు. ఆ పేరు వంశవృక్షాల భాగంలో ఉంది.

ఈ పదకొండు పుటలను చేర్చడానికి కమిటీ ఒప్పుకోలేదు. చనిపోయిన ముగ్గురి పేర్లు వేస్తే అభ్యంతరం లేదన్నారట. మాన్యం సంగతి వద్దన్నారు. "పుస్తకంలోకి ఎక్కితే రేపు అదొక ఆధారం అవుతుంది" అని ఒక పెద్దమనిషి ఉన్నమాటే చెప్పాడు. కొండవీటి కరణాలకు రెండువందల ఏళ్ళ కిందట తెలిసిన సంగతే ఆయనకూ తెలుసు.

పుస్తకం శ్రీరామనవమికి వెలువడింది. నా పీఠిక అందులో లేదు, స్థలాభావం అని కబురు చేశారు. చెరువు పది పంక్తులూ అలాగే ఉన్నాయి, ధర్మకర్తే గండి పూడ్పించాడు. కుర్రవాడి పేరు లోపలి అట్టమీద సేకరణకర్తగా చిన్న అక్షరాల్లో ఉంది. పదకొండు పుటలూ నా దగ్గర ఉన్నాయి. పోయిన సోమవారం అతడు తహశీల్దారు కచేరీలో డైగ్లాటు నకలుకు దరఖాస్తు పెట్టి వచ్చాడు.